మా బావకు రాని పచ్చకామెర్లు

కోర్టు కాగితాలను నమ్మాల్సి వస్తే, మా కృష్ణా జిల్లాలో సగం మందికి ఏదో ఒక ఏడు పచ్చకామెర్లు వచ్చాయి. అందరూ పసరు మందే తాగారు. అందరూ ఉప్పూ కారం మానేసి పథ్యం చేశారు. అందరూ మంచం దిగలేక లాయరును కలుసుకోలేకపోయారు. అందరికీ వాయిదా దాటిపోయాకే తగ్గింది. ఈ సంగతి ఎవరో చెబితే తెలిసింది కాదు. ఆ కాగితాల్లో చాలావాటిని కొట్టింది నేనే.

ఐదో తరగతితో బడి మానేసినవాణ్ణి నేను. బెజవాడలో ఒక ప్రెస్సులో చేరి, సీసం అక్షరాలు ఏరుతూ చదువు నేర్చుకున్నాను. శుభలేఖలు, సినిమా కరపత్రాలు, ఎన్నికల వాగ్దానాలు, ప్రామిసరీ నోటు ఫారాలు, ఏది కంపోజు చేస్తే అదే ఆ రోజు పాఠం. నోటు ఫారం ఇప్పటికీ నోటికొచ్చు. "తాము గాని, తమ ఆర్డరు పొందినవారు గాని కోరినప్పుడు" అన్నచోట ఊపిరి తీసుకుని ముందుకెళ్లాలి. తర్వాత సీసం పోయింది, ప్రెస్సు మూశారు. కోర్టుల దగ్గర ఒక కొట్లో టైపు మిషను ముందు కూర్చున్నాను. మిషనూ పోయి దాని స్థానంలో కంప్యూటరొచ్చింది. కుర్చీ మాత్రం అదే, నడుం నొప్పీ అదే.

కామెర్ల పేరా నాతోపాటే ఇన్ని చేతులు మారింది. ప్రెస్సులో రోజూ పనికొచ్చే మేటరును, అంటే పేర్చిన అక్షరాలను, విప్పకుండా, దారం కట్టి పక్కన ఉంచేవాళ్లం. కంప్యూటర్లో దానికో ఫైలు పెట్టి, పేరు కూడా 'కామెర్లు' అనే పెట్టుకున్నాం. లాయర్ల గుమాస్తాలు వచ్చి, కాఫీ చెప్పినట్టు, "గురువుగారూ, ఒక కామెర్లు తియ్యండి" అనేవాళ్లు. పేరు మార్చడం, తేదీలు మార్చడం, ప్రింటు తీయడం. అంతే.

అదెందుకో తెలియనివాళ్లకు చెబుతాను. అప్పు ఇచ్చినాయన నోటు మీద దావా వేస్తాడు. తీసుకున్నాయనకు సమన్లు వస్తాయి. వాయిదా రోజున ఈయన వెళ్లకపోతే, కోర్టువారు ఆయన ఒక్కడి మాటే విని డిక్రీ ఇచ్చేస్తారు. దాన్ని ఎక్స్‌పార్టీ డిక్రీ అంటారు. అది కొట్టేయమని అడగాలంటే నెల్లోపల అడగాలి. నెల దాటిందో, దాటిన ప్రతిరోజుకీ కారణం చెప్పాలి. 'భయం వేసింది' అంటే కారణం కాదు. 'బస్సు చార్జీలకు లేవు' అంటే కాదు. 'అర్థం కాలేదు' అంటే అసలే కాదు, చట్టం అందరికీ అర్థమైందనే లెక్క. మరి ఈ దేశంలో మనిషి కోర్టుకు రాకపోవడానికి ఉన్న కారణాలు ఆ మూడే కదా. వాటికి తలుపు మూసేసి, రోగానికి మాత్రం తెరిచి పెట్టారు. రోగాల్లో కామెర్లే ఎందుకంటే దానికి ఆపరేషనుండదు, ఆసుపత్రి బిల్లుండదు. పసరు పోసినాయన రసీదు ఇవ్వడు. మనిషి చేత నిజం చెప్పనివ్వని ఏర్పాటు చేసి, అబద్ధమాడాడని మళ్లీ మనిషినే తిట్టడం నాకు మొదటినుంచీ కిట్టదు.

ఇక మా బావ సంగతి.

బావ అంటే మా అక్క మొగుడు. మైలవరం అవతల మామిడితోట ఉంది. పెద్ద తోటేం కాదు గాని, ఆ ఇంటికి అన్నం పెట్టేది అదొక్కటే. నేల కింద నీళ్లు దిగిపోయి చెట్లు వడలుతుంటే, కొత్త బోరు వేయించడానికి అప్పు చేశాడు. ఇచ్చినాయన మామిడి మార్కెట్టులో కమీషన్ వ్యాపారి. నోటు రాయించుకుని డబ్బిచ్చాడు. ఏటా కాయ ఆయన దగ్గరికే తోలాలి, ఆయన అమ్మిపెట్టి, కమీషనూ అప్పులో కొంతా పట్టుకుని మిగతాది ఇస్తాడు. అక్కడ అందరూ చేసేది అదే. కాయ లెక్కకు చీటీ ఇస్తారు, దాన్ని పట్టీ అంటారు. అప్పు లెక్క మాత్రం నోటిమాటే. "ఈ ఏడు ఇంత పట్టుకున్నా అన్నయ్యా" అని ఆయనంటాడు, "మంచిది షావుకారుగారూ" అని ఈయనంటాడు. అలా సగం పైనే తీరింది.

నోటుకు ఆయుష్షు మూడేళ్లు. అది దాటేలోగా నోటు వెనకాల, ఇంత సొమ్ము ముట్టిందని చెల్లు రాసి అప్పు తీసుకున్నవాడు సంతకం పెడితే, మళ్లీ మూడేళ్లు బతుకుతుంది. ఒకసారి బావ అలా చిన్న మొత్తానికి చెల్లు పెట్టాడు. రెండోసారి గడువు వచ్చే ముందు ఏడు పూత మొత్తం మంచుకు రాలిపోయింది. తోలడానికి కాయ లేదు, బావ మార్కెట్టు ముఖం చూడలేదు. సంక్రాంతి వెళ్లాక గడువు ముంచుకొస్తోందని వ్యాపారి లాయరు తొందరపెట్టి దావా వేయించాడు. ఎండాకాలంలో బావకు సమన్లు వచ్చాయి. తెచ్చినాయనకు మజ్జిగిచ్చి, సంతకం పెట్టి తీసుకున్నాడు. మర్నాడు కాయతో మార్కెట్టుకు వెళ్లి, ఆ కాగితం వ్యాపారి చేతికే ఇచ్చాడు.

"ఏంటి షావుకారుగారూ ఇది?"

"టైం బార్ అవుతుందని లాయరు వేయించాడు అన్నయ్యా. నువ్వు రానక్కర్లేదు. మనిద్దరి మధ్యా కోర్టేమిటి? కాయ పంపించు, చాలు."

వాయిదా రోజున మా బావ ఎక్కడున్నాడో తెలుసా? ఆ వ్యాపారి షెడ్డులోనే, ఆ వ్యాపారి పక్కనే కూర్చుని, ఆయన ఇంటినుంచి వచ్చిన క్యారియరులోంచి పెరుగన్నం తింటున్నాడు. ఇద్దరూ అక్కడుండగా, ఇక్కడ కోర్టులో బంట్రోతు బావ పేరు మూడుసార్లు పిలిచి వదిలేశాడు. డిక్రీ అయిపోయింది, అసలూ వడ్డీ మొత్తానికి. మామిడికాయల్లో తీరిన సొమ్ము దాంట్లోంచి తీసెయ్యలేదు.

వ్యాపారిది చెడ్డ బుద్ధి అని నేననను. ఆయన మాట మీదే ఉండేవాడేమో. కాని ఏడాది తిరిగేసరికి షుగరు ముదిరి కాలు తీసేశారు, మనిషి ఇంటికి అతుక్కుపోయాడు. వ్యాపారం కొడుకు చేతికొచ్చింది. కొడుక్కి నోటిమాటల లెక్కలెలా తెలుస్తాయి? బీరువాలో డిక్రీ కాపీ కనబడింది. లాయరు అమలు దరఖాస్తు వేయమన్నాడు, వేశాడు. తోట జప్తుకు వచ్చింది.

జప్తు చేయడానికి కోర్టు అమీనా వచ్చిన రోజు అక్క చెబితే విన్నాను. జప్తు సంగతి ఊళ్లో డప్పు కొట్టి చాటాలి. అమీనా కూలికి పిలిచిన డప్పతను ఆ ఊరివాడే. అతను తోట గట్టు మీద నిలబడి తల గోక్కున్నాడట.

"మెల్లిగా కొడతాలే బాబాయ్."

"ఎందుకురా మెల్లిగా? ఇచ్చే కూలి సరిగ్గా ఇస్తున్నారు కదా, గట్టిగానే కొట్టు" అన్నాడట మా బావ. ఆ మనిషి తీరే అంత.

వేలం తేదీ వేశాక గాని నాకు చెప్పలేదు. ఇద్దరూ బస్సు దిగి గుణదలలో నా వాటాకు వచ్చారు. విన్నకొద్దీ నాకు ఒళ్లు మండిపోయింది.

"ముప్పై ఏళ్లనుంచి కోర్టు గుమ్మంలో పడున్నవాణ్ణి నేనొకణ్ణి ఉన్నానని గుర్తే రాలేదా బావా?"

"నువ్వు కేకలేస్తావని రాలా, బామ్మర్దీ."

"ఇప్పుడు వెయ్యట్లేదా?"

"అప్పుడు ఒకసారి, ఇప్పుడు ఒకసారి. రెండుసార్లెందుకని."

అక్క కొంగు నోటికడ్డం పెట్టుకుంది. నవ్విందో ఏడ్చిందో తెలియలేదు.

నాకు తెలిసిన లాయరమ్మ ఒకామె ఉంది. చిన్న వయసే గాని పని తెలిసిన పిల్ల, ఫీజు దగ్గర పీక్కుతినదు. అంతా విని, వేలం ఆపమని ఒక పిటిషనూ, డిక్రీ కొట్టేయమని ఒకటీ, ఆలస్యం మన్నించమని ఒకటీ వేయాలంది. మూడోది నెగ్గితేనే తక్కిన రెండూ. అఫిడవిట్ మీద బావ ప్రమాణం చేసి సంతకం పెట్టాలి. ఆమె నా వంక చూసింది, నేను తలూపాను. మా ఇద్దరికీ అది మాటల్లో చెప్పుకోవాల్సిన పని కాదు. కొట్టుకు వెళ్లి నా చేత్తో నేనే కామెర్లు తీసి తెచ్చాను. కింది కోర్టుల్లో తెలుగు చెల్లుతుంది కాబట్టి తెలుగులోనే తీశాను.

బావ కళ్లజోడు పెట్టుకుని వేలితో గీత కింద గీత చదివాడు. ఆగాడు.

"పచ్చకామెర్లెవరికి?"

"మీకేనండి" అంది లాయరమ్మ.

"నాకెప్పుడొచ్చినయ్యమ్మా?"

"రాలేదు లెండి తాతగారూ. కోర్టుకు ఏదో కారణం కావాలి. అందరూ ఇదే రాస్తారు, జడ్జిగారికీ తెలుసు."

"జడ్జిగారికి తెలిస్తే మరి రాయడం దేనికి?"

ఆ పిల్ల కాగితాన్ని తనవైపు తిప్పుకుని మళ్లీ చూసింది.  నాకు మరింత కోపమొచ్చింది.

"సంతకం పెట్టు బావా. ఇదేమన్నా కన్యాదానమా, అంత ఆలోచిస్తున్నావు?"

"పైన తథాస్తు దేవతలుంటారు బామ్మర్దీ. లేని రోగం ఉందని రాసి సంతకం పెడితే, సరే అలాగే కానీమంటారు. ఈ వయసులో కామెర్లు నాకెందుకు?"

బయటికొచ్చి టీ కొట్టు ముందు కూర్చున్నాం. అక్క అప్పుడంది, చాలా మెల్లిగా: "తథాస్తు దేవతలు చెట్లకి నీళ్లు పొయ్యరు. ఆ తోటలో ప్రతి మొక్కకీ బిందెతో నీళ్లు మోసింది నేను. పెట్టవయ్యా సంతకం."

బావ టీ గ్లాసు కింద పెట్టాడు.

"దేవతల సంగతి అలా ఉంచు. ఈ కాగితం ఆయన కూడా చదువుతాడా?"

"ఎవరు?"

"షావుకారు."

"కాపీ వెళుతుంది. ఆయన దానికి జవాబు వెయ్యాలి, కౌంటరని."

"అదీ. ఆ రోజున ఆయన పక్కన కూర్చుని పెరుగన్నం తిన్నా. ఆవకాయ బద్ద రెండోసారి అడిగి వేయించుకున్నా. ఇప్పుడు కామెర్లతో మంచంలో ఉన్నానని రాస్తే, చదివి ఆయనేమనుకుంటాడు? బాకీ ఉన్నానన్నది ఆయనకెప్పుడూ తెలుసు. అబద్ధాలాడతానని ఇప్పుడు తెలియాలా?"

ఇన్నేళ్లు కోర్టు కాగితాలు కొట్టాను గాని, అవి అవతలి మనిషి చదువుకునే ఉత్తరాలని నాకెప్పుడూ తోచలేదు. అవి జడ్జిగారి కోసం రాసేవనే అనుకున్నాను. అయినా నా కోపం దిగలేదు. ఆయన పెరుగన్నం మర్యాదకు అక్క తోట పోవాలా అని అడిగాను. "పోతే పోయిందని అనట్లేదు రా. ఉన్నది రాయమంటున్నా" అన్నాడు.

మళ్లీ లోపలికెళితే, లాయరమ్మ మమ్మల్ని కూర్చోబెట్టి ఉన్నదున్నట్టు చెప్పింది. "ఆయన రావద్దన్నారని మీరు రాస్తే, ఆయన 'నేనలా అనలేదు' అని ఒక్క వాక్యం రాస్తే చాలు. మీ ఇద్దరికీ తప్ప మూడో మనిషికి తెలియని మాట. సాక్ష్యం లేదు. పిటిషన్ పోతుంది, పిటిషన్‌తో పాటే తోట పోతుంది. ఆలోచించుకోండి."

"ఆలోచించానమ్మా. రాయి."

అక్క లేచి వెళ్లి బస్టాపులో ఒక్కతే నిలబడింది.

ఆ అఫిడవిట్ నేనే కొట్టాను. ఏ ఫైల్లోనూ లేని అఫిడవిట్ కొట్టి ఎన్నేళ్లయిందో. సమన్లు అందిన మాట నిజం. వాది మార్కెట్టులో నాతో రానక్కర్లేదన్నారు. వాయిదా రోజున నేను వాది షెడ్డులోనే ఉండి వారితోనే భోజనం చేశాను. వారి మాట మీద నమ్మకంతోనే రాలేదు. అప్పు లేదని నేననడం లేదు, కాయలో తీరింది తీసేసి లెక్క చూడమంటున్నాను. ఆవకాయ సంగతి కూడా పెట్టమన్నాడు. అది నేను తీసేశాను, అంతమాత్రం అధికారం నాకుంది.

జడ్జిగారు వేలం తాత్కాలికంగా ఆపారు, వాయిదానుంచి వాయిదాకి. అవతలివాళ్లు కౌంటరు వేయడానికి టైం అడిగారు. మళ్లీ అడిగారు. ప్రతి వాయిదాకీ బావ మొదటి బస్సుకే వచ్చి, హాలు బయట బల్ల చివర కూర్చునేవాడు. పోయినసారి రాకపోవడం వల్లే ఇదంతా వచ్చింది కాబట్టి, ఈసారి కోర్టు తలుపులు తియ్యకముందే అక్కడుండేవాడు. బంట్రోతు పిలిస్తే, "ఉన్నానండీ" అని ఊరంతా వినబడేలా పలికేవాడు. నేను ఫోన్లో కేసు యాప్ తీసి, 'కౌంటరు కొరకు' అన్న అదే ముక్క చూసి పళ్లు నూరేవాణ్ణి. నా లెక్కలో, వాళ్లు రాయబోయే పేరా కూడా నాకు తెలుసు. దానికీ ఒక ఫైలుంది: 'పిటిషనరు ఆరోపణలన్నియు అబద్ధములు, వాటిని ఖండించుచున్నాను.' పేరు మార్చడం, తేదీ మార్చడం, సంతకం. ఎన్ని వందలమంది చదవకుండా పెట్టారో ఆ సంతకం.

ఒకసారి జడ్జిగారే బావను ముందుకు పిలిచారు.

"కోర్టు కాగితం చేతికందాక కూడా, ఎవరో రావద్దంటే ఎలా మానేశారండీ?"

"ఎవరో కాదండి. అప్పిచ్చింది ఆయనే. కాగితం పంపింది ఆయనే. రావద్దన్నదీ ఆయనే. ఇంకెవర్నడగాలండీ?"

హాల్లో ఎవరో నవ్వారు. జడ్జిగారు నవ్వలేదు, ఏదో రాసుకుని, అవతలి లాయరుకు ఆఖరి అవకాశమని చెప్పి వాయిదా వేశారు.

ఆ ఆఖరి వాయిదాకి అక్క కూడా వచ్చింది. వ్యాపారి కొడుకు గోడకానుకుని ఫోను చూసుకుంటున్నాడు. మా వైపు చూడలేదు. కేసు పిలిచారు. వాళ్ల లాయరు లేచి, ఫైలు అటూ ఇటూ తిప్పి, "కౌంటరు లేదండి" అన్నాడు.

"వెయ్యట్లేదా?"

"వాది సంతకం పెట్టలేదండి."

ఎదురు చెప్పేవాళ్లు లేకపోతే కోర్టుకు పని తేలిక. ఖర్చుల కింద కొంత కట్టమని షరతు పెట్టి, డిక్రీ కొట్టేసి, దావా మళ్లీ మొదటికి తెచ్చారు. అక్కకు అర్థం కాలేదు. "ఏమైందిరా?" అని నా చొక్కా లాగింది. తోట వేలానికి వెళ్లదని చెప్పాను. "సరే, పదండి, బస్సుంది" అంది. అంతే అంది గాని, మెట్లు దిగేటప్పుడు బావ చెయ్యి పట్టుకుని దిగింది. వాళ్లలా దిగడం నేనెప్పుడూ చూడలేదు.

తర్వాత లోక్ అదాలత్‌లో రాజీ చేసుకున్నారు. కాయలో తీరింది తీసేసి, మిగిలింది రెండు కాపులకు కట్టేట్టు. వ్యాపారి కొడుకు లెక్క దగ్గర గీచిగీచి మాట్లాడాడు గాని మోసం చేయలేదు. అతని వయసులో నేనున్నా అలాగే మాట్లాడేవాణ్ణేమో.

మొదటి కాయ రాగానే, బావ చిన్నరసాలు ఒక బుట్ట నింపి, కట్టాల్సిన సొమ్ములో కొంత జేబులో పెట్టుకుని, నన్ను వెంటపెట్టుకుని వ్యాపారి ఇంటికి వెళ్లాడు. ఆయన కిటికీ పక్కన చక్రాల కుర్చీలో ఉన్నాడు. బావను చూడగానే మొదటిమాట:

"ఏం అన్నయ్యా, కామెర్లు తగ్గినయ్యా?"

బావ బిత్తరపోయాడు. షావుకారు పొట్ట కదిలేలా నవ్వాడు.

"మా లాయరు ముందే చెప్పాడు. వాళ్లు కామెర్లంటారు, మనం కాదంటాం, సంతకం పెట్టండి చాలని. సరే, నాతో కూర్చుని అన్నం తిన్నవాడు కామెర్లంటే, ఎందుకొదలాలి, పెట్టేద్దామనే పెన్ను పట్టుకున్నా. మావాడు మీ కాగితం చదువుతున్నాడు. కామెర్లెప్పుడొస్తయ్యా అని చూస్తన్నా, ఎంతకీ రావే. నా మాటలే వస్తన్నయ్. నేనన్న మాట నేననలేదని ఎట్టా పెట్టను సంతకం? మావాడు ఇంతవరకూ నాతో సరిగ్గా మాట్లాడట్లా."

బావ బుట్ట ముందుకు జరిపాడు.

"నాకు షుగరు అన్నయ్యా."

"వాసన చూడండి. దానికేం కాదు."

ఆయన ఒక పండు తీసుకుని తొడిమ దగ్గర ముక్కుకు ఆనించుకుని అలాగే ఉండిపోయాడు. బావ జేబులోంచి సొమ్ము తీసి బల్ల మీద పెట్టాడు. ఆయన లెక్కపెట్టకుండా కుర్చీలో దిండు కిందికి తోశాడు.

"ముట్టింది అన్నయ్యా."

"మంచిది షావుకారుగారూ."

బావ లేవబోతున్నాడు. నేను లేవలేదు.

"రసీదు" అన్నాను.

ఇద్దరూ నా వంక చూశారు. పెళ్లిలో చావు కబురు చెప్పినవాణ్ణి చూసినట్టు చూశారు. బావ నా మోకాలు గిల్లాడు. నేను కదల్లేదు. ఇద్దరు మంచివాళ్లు కలిసి నోటిమాట మీద నడిపిన వ్యవహారమే కదా మా అక్కను తోటగట్టు మీద డప్పు వినేలా చేసింది. లోపలినుంచి కొడుకును పిలిపించి, కాగితం తెప్పించి, తేదీ వేయించి, సంతకం చేయించుకున్నాను. రాసిచ్చేటప్పుడు ఆ కుర్రాడు, మొదటిసారి, నాకేసి చూసి కొంచెం నవ్వాడు.

తిరిగొచ్చాక రసీదు అక్కకిచ్చాను.